ఏ కథ మన ఇంటి గడప తొక్కాలి? నిర్ణయించేది ఎవరు?

1992లో వాల్ట్ డిస్నీ సంస్థ 'అల్లాదీన్' అనే కార్టూన్ చిత్రాన్ని పిల్లల కోసం విడుదల చేసింది. చిత్రం ప్రారంభంలోనే ఒంటె మీద ప్రయాణిస్తూ వచ్చే ఒక వర్తకుడు తన దేశాన్ని గురించి పాట పాడతాడు. ఆ దేశంలో చిన్నపాటి కారణానికే మనిషి అవయవాన్ని కోసివేస్తారనే అర్థం వచ్చే మాట ఒకటి ఆ పాటలో ఉండేది. అమెరికాలో స్థిరపడిన అరబ్బులు దానికి అభ్యంతరం తెలిపారు. అరబ్ అమెరికన్ల పట్ల వివక్షకు వ్యతిరేకంగా పనిచేసే సంఘం ఒకటి గట్టిగా నిరసించింది. 1993లో ఆ చిత్రం వీడియో క్యాసెట్ రూపంలో వచ్చేనాటికి ఆ మాట మార్చబడింది. అయితే అదే పాటలో ఆ దేశాన్ని అనాగరికమైనదని చెప్పే విశేషణాన్ని మాత్రం అలాగే ఉంచారు. 2019లో అదే సంస్థ అదే కథను నటీనటులతో తిరిగి నిర్మించినప్పుడు గాని అది తొలగలేదు. ఒక మాట తొలగడానికి ఒక సంవత్సరం పట్టింది. దాని పక్కనున్న మాట తొలగడానికి 27 సంవత్సరాలు పట్టింది.

ఈ మార్పులు ఎవరు చేశారు? పాట రాసిన కవి చిత్రం విడుదల కాకముందే, 1991లో మరణించాడు. పాడినవారికి గాని, బొమ్మలు గీసినవారికి గాని అటువంటి అధికారం లేదు. ఉంచేదీ తీసేదీ సంస్థే. అప్పుడు ఎందుకు ఉంచారు, ఇప్పుడు ఎందుకు తీశారు అన్న ప్రశ్నకు సమాధానం వెతికితే అమెరికా స్టూడియోల వంద సంవత్సరాల చరిత్ర మన ముందుకు వస్తుంది.

అల్లావుద్దీన్ కథ తెలుగువారికి కొత్తది కాదు. 1957లోనే అక్కినేని నాగేశ్వరరావు నటించిన 'అల్లావుద్దీన్ అద్భుత దీపం' వచ్చింది. కాని ఆ కథ 'వేయిన్నొక్క రాత్రులు' పాత అరబ్బీ వ్రాతప్రతులలో లేదన్న సంగతి చాలామందికి తెలియదు. సిరియాలోని హలబ్ నగరానికి చెందిన హన్నా దియాబ్ అనే క్రైస్తవ యువకుడు 1709లో ప్యారిస్‌లో ఆంత్వాన్ గాలాన్ అనే ఫ్రెంచి అనువాదకునికి దానిని చెప్పగా, ఆయన తన గ్రంథంలో చేర్చాడు. పైగా ఆ కథ జరిగే చోటు అరేబియా కాదు, చైనా! హలబ్ యువకుడు చెప్పిన చైనా కథ ప్యారిస్‌లో అచ్చయి, అమెరికాలో కార్టూన్ అయి, 2019లో తెలుగులోకి వచ్చినప్పుడు అందులోని జిన్ను వెంకటేశ్ గొంతుతోనూ అల్లాదీన్ వరుణ్ తేజ్ గొంతుతోనూ మాట్లాడారు. దివ్య ఖుర్ఆన్‌లో ఒక సూరా పేరే 'అల్ జిన్న్'. ఆ పాఠం చెప్పేటప్పుడు జిన్నులు నీలి రంగులో ఉంటారా అని అడిగే పిల్లలు మా తరగతిలో ప్రతి సంవత్సరం ఒకరిద్దరైనా ఉంటారు. తమ విధులకు జవాబుదారీ అయిన ఒక సృష్టి, దీపంలో నుండి పొగలా వచ్చి నవ్వించే సేవకునిగా వారి మనసులో ముందే స్థిరపడిపోయింది. పాఠానికి ముందే పాఠం జరిగిపోయింది.

సినిమా చూడాలా, వద్దా అనే చర్చ మన పత్రికలో ఎన్నోసార్లు జరిగింది. ఆ చర్చలోకి మేము మళ్లీ వెళ్లడం లేదు. చూసేవారి ఇంట్లోనూ, చూడనివారి ఇంట్లోనూ ఈ బొమ్మలు పలకల మీద, బడి సంచుల మీద, పుట్టినరోజు కేకుల మీద చేరుతూనే ఉన్నాయి. కాబట్టి అవి ఎక్కడ తయారవుతున్నాయో, ఏ లెక్క ప్రకారం తయారవుతున్నాయో తెలుసుకోవడం అందరికీ అవసరమే.

పొలం, మిల్లు, దుకాణం ఒకరివే అయితే

ఇరవయ్యో శతాబ్దం మొదట్లో అడాల్ఫ్ జుకర్ అనే వ్యాపారి పారమౌంట్ సంస్థను పెంచిన తీరు గమనించదగినది. ప్రజలు ఫలానా నటి చిత్రం కావాలని కోరుతారు. ఆ చిత్రం థియేటర్ యజమానికి కావాలంటే, దానితోపాటు మరెన్నో చిత్రాలను కూడా తీసుకోవాలి. వాటిలో కొన్ని అప్పటికి తయారై కూడా ఉండవు. చూడకుండానే, పేరైనా తెలియకుండానే కొనాలి. దీనికి 'బ్లాక్ బుకింగ్' అని పేరు. మంచి బియ్యం కావాలంటే పుచ్చిన పప్పు కూడా కట్టించుకోవాలనే దుకాణదారుని పద్ధతి ఇది. ఎదురు తిరిగే థియేటర్లు ఉంటాయి కనుక, కొంతకాలానికి స్టూడియోలు థియేటర్లనే కొనసాగాయి. చిత్రం తీసేదీ, పంపిణీ చేసేదీ, ప్రదర్శించేదీ ఒకే చేయి అయింది.

1930ల నాటికి పారమౌంట్, ఎం.జి.ఎం., వార్నర్ బ్రదర్స్, ట్వంటియత్ సెంచరీ ఫాక్స్, ఆర్.కె.ఓ. అనే ఐదు సంస్థలు ఈ స్థితికి చేరాయి. యూనివర్సల్, కొలంబియా, యునైటెడ్ ఆర్టిస్ట్స్ అనే మరో మూడు వాటి పక్కన నిలిచాయి. దేశంలోని మొత్తం థియేటర్లలో ఐదు సంస్థలవి కొన్ని మాత్రమే. కాని పెద్ద నగరాలలో కొత్త చిత్రం మొదట ఆడే ముఖ్యమైన థియేటర్లలో అత్యధికం వాటివే. ఆ గడప దాటకుండా ఏ చిత్రమూ దేశమంతా పేరు తెచ్చుకోలేదు. నటీనటులు కూడా ఏడు సంవత్సరాల ఒప్పందాలతో కట్టుబడి ఉండేవారు. ఇచ్చిన వేషం వద్దంటే జీతం ఆపి, ఆపిన కాలాన్ని ఒప్పందానికి కలిపేవారు. అంటే ఏడు సంవత్సరాలు ఎప్పటికీ ముగియవు. ఒలీవియా డి హావిలాండ్ అనే నటి వార్నర్ బ్రదర్స్‌పై న్యాయస్థానానికి వెళ్లి 1944లో గెలిచిన తరువాతనే ఆ సంకెల తెగింది.

1948లో అమెరికా సుప్రీం కోర్టు పారమౌంట్ తదితర సంస్థలపై తీర్పు చెబుతూ బ్లాక్ బుకింగ్ చట్టవిరుద్ధమని తేల్చింది. దాని ఫలితంగా స్టూడియోలు తమ థియేటర్లను వదులుకోవలసి వచ్చింది. ఆ కట్టడి డెబ్బై సంవత్సరాలకు పైగా నిలిచింది. 2020 ఆగస్టులో, కాలం మారిందన్న కారణంతో అక్కడి ప్రభుత్వమే కోరగా న్యాయస్థానం దానిని ఎత్తివేసింది. అప్పటికి థియేటర్ కొనవలసిన అవసరమే ఎవరికీ లేదు. ప్రతి జేబులోనూ ఒక తెర ఉంది.

మన తెలుగు నాట సంక్రాంతి వచ్చినప్పుడల్లా తమ చిత్రానికి థియేటర్లు దొరకలేదని చిన్న నిర్మాతలు వాపోవడం వింటూ ఉంటాం. ఆ వ్యాధి ఈనాటిది కాదని, ఇక్కడ పుట్టినదీ కాదని పై చరిత్ర చెబుతుంది.

నీతి నియమాలు ఉన్న రోజులు

పాత హాలీవుడ్ చిత్రాలు ఇప్పటికంటే శుభ్రంగా ఉండేవని పెద్దవారు అంటూ ఉంటారు. అందులో నిజం ఉంది. 1930లో స్టూడియోలు ఒక నియమావళిని ఆమోదించాయి. దానిని రాసినవారిలో డేనియల్ లార్డ్ అనే కాథలిక్ మతగురువు ఒకరు. వివాహ వ్యవస్థ పవిత్రతను చిన్నబుచ్చరాదు, నేరాన్ని ఆకర్షణీయంగా చూపరాదు, మతాన్నీ మతగురువులనూ ఎగతాళి చేయరాదు వంటి నియమాలు అందులో ఉన్నాయి. అయితే మొదటి నాలుగు సంవత్సరాలు అవి కాగితం మీదనే ఉన్నాయి. 1934లో కాథలిక్కులు లక్షల సంఖ్యలో ప్రతిజ్ఞ చేసి, అసభ్య చిత్రాలను బహిష్కరిస్తామని ప్రకటించారు. అప్పుడు గాని స్టూడియోలకు ఆ నియమాలు గుర్తు రాలేదు. జోసెఫ్ బ్రీన్ అనే అధికారి ఆమోదముద్ర లేకుండా చిత్రం విడుదల చేస్తే 25,000 డాలర్ల జరిమానా అని నిర్ణయించుకున్నారు. 1968 వరకు, రానురాను బలహీనపడుతూనైనా, ఆ విధానం సాగింది.

ఇది చదివి, ఆ రోజులే మళ్లీ వస్తే బాగుండునని కొందరు పాఠకులకు అనిపించవచ్చు. కాస్త ఆగవలసి ఉంది. అదే నియమావళి నల్లవారికీ తెల్లవారికీ మధ్య దాంపత్యాన్ని, ప్రేమను తెర మీద నిషేధించింది. 1937లో ఎం.జి.ఎం. చైనా రైతుల జీవితంపై 'ది గుడ్ ఎర్త్' చిత్రాన్ని తీసింది. అమెరికాలో అప్పటికే పేరున్న చైనా సంతతి నటి అన్నా మే వాంగ్‌కు అందులో నాయిక పాత్ర దక్కలేదు. నాయకుని వేషం తెల్లవాడైన పాల్ మునికి ఇచ్చారు గనుక ఆయన భార్యగా చైనా స్త్రీ కనిపించడం కుదరలేదు. లూయిస్ రైనర్ అనే యూరోపియన్ నటికి ముఖం మార్చి చైనా రైతు భార్యగా నిలబెట్టారు. ఆమెకు ఆస్కార్ కూడా వచ్చింది. కనుక ఆ నియమావళిలోని నీతి ఎంత, టిక్కెట్లు కొనేవారి దురభిమానానికి వేసిన పీట ఎంత అని వేరుచేసి చూడక తప్పదు. మానవులందరూ ఒకే తల్లిదండ్రుల సంతానమని నమ్మేవారికి ఆ వ్యత్యాసం స్పష్టంగానే కనబడుతుంది.

దుష్టుని వేషం ఎవరికి?

ఇప్పుడు మొదటి ప్రశ్నకు వద్దాం. ఏ జాతిని ఎలా చూపాలో స్టూడియోలు ఎలా నిర్ణయిస్తాయి?

మూగ చిత్రాల కాలంలో అమెరికా సినిమాలలో దొంగ, బందిపోటు అంటే మెక్సికోవాడే. 1922లో మెక్సికో ప్రభుత్వం తమ ప్రజలను కించపరిచే సంస్థల చిత్రాలను, ఒక్క చిత్రాన్ని కాదు, ఆ సంస్థల చిత్రాలన్నింటినీ నిషేధించింది. స్టూడియోలు వెంటనే మర్యాద నేర్చుకోవడం మొదలుపెట్టాయి. దుష్టుడు కొంతకాలం ఏ దేశంవాడో తెలియని వాడయ్యాడు. 1930లో యూనివర్సల్ తీసిన 'ఆల్ క్వైట్ ఆన్ ది వెస్టర్న్ ఫ్రంట్' యుద్ధాన్ని అసహ్యించుకునేలా చేసిన గొప్ప చిత్రం. బెర్లిన్‌లో నాజీలు ప్రదర్శనలో అల్లరి చేసి, హాలులో ఎలుకలను వదిలారు. ప్రభుత్వం చిత్రాన్ని నిషేధించింది. జర్మనీలో మళ్లీ ఆడించుకోవడానికి యూనివర్సల్ కోతలకు అంగీకరించింది.

హాలీవుడ్ అంతా ఒక మతస్థుల కుట్ర అని మనవారిలో కొందరు సభలలో కూడా అంటూ ఉంటారు. అది అన్యాయమైన మాట, చరిత్రకు నిలవని మాట కూడా. వార్నర్ బ్రదర్స్ యూదు సోదరులు స్థాపించిన సంస్థ. 1937లో ఆ సంస్థ 'ది లైఫ్ ఆఫ్ ఎమిల్ జోలా' అనే చిత్రాన్ని నిర్మించింది. ఫ్రాన్సులో డ్రేఫస్ అనే సైనికాధికారిని యూదుడైనందువల్లనే అన్యాయంగా శిక్షించిన ఉదంతం దానికి ప్రాణం. అయినా ఆ చిత్రంలో 'యూదుడు' అనే మాట ఒక్కసారి కూడా ఎవరి నోటా వినబడదు. ఒక కాగితం మీద క్షణకాలం కనిపిస్తుంది, అంతే. తమ సొంత జాతి గోడును కూడా తెర మీద పేరు పెట్టి చెప్పడానికి సాహసించనిది లెక్కల పుస్తకం. దానిలో మతం కాలమ్ లేదు.

ఈ లెక్క నేటికీ మారలేదనడానికి 2012లో వచ్చిన 'రెడ్ డాన్' చిత్రం సాక్ష్యం. అమెరికాపై చైనా సైన్యం దండెత్తినట్లుగా ఎం.జి.ఎం. ఆ చిత్రాన్ని తీసింది. షూటింగ్ అంతా అయిన తరువాత, చైనా సినీ మార్కెట్ ఎంత పెద్దదో గుర్తుకు వచ్చింది. చైనా జెండాలను, చిహ్నాలను కంప్యూటర్ సహాయంతో ఉత్తర కొరియావిగా మార్చారు. ఉత్తర కొరియాలో టిక్కెట్లు కొనేవారు లేరు!

అరబ్బుల విషయానికి వస్తే వారి కోసం మెక్సికో చేసినట్లు చేసిన ప్రభుత్వం లేదు, చైనాకు ఉన్నంత మార్కెట్టూ లేదు. 1921లో పారమౌంట్ ద్వారా వచ్చిన 'ది షేక్' మొదలుకొని, స్త్రీలను అపహరించే ఎడారి నాయకుడు, లావుపాటి ధనవంతుడు, బాంబు పట్టిన మనిషి అనే మూడు నాలుగు వేషాలే వారికి మిగిలాయి. జాక్ షహీన్ అనే అమెరికన్ ఆచార్యుడు తన జీవితంలో అధికభాగం ఈ చిత్రాలను చూసి లెక్క కట్టడానికి వెచ్చించాడు. ఆయన లెబనాన్ మూలాలున్న క్రైస్తవుడు. 2001లో ప్రచురించిన 'రీల్ బ్యాడ్ అరబ్స్' గ్రంథంలో 900కు పైగా చిత్రాలను ఒక్కొక్కటిగా పరిశీలించి, అరబ్బులను మామూలు మనుషులుగా చూపినవి అత్యల్పమని నిరూపించాడు. ఇళ్లలో అన్నం తినే అరబ్బు, పిల్లవానిని బడికి పంపే అరబ్బు తెర మీద ఎందుకు లేరన్నదే ఆయన బాధ. 2017లో ఆయన మరణించాడు.

దీనికి తోడు మరో చేయి కూడా ఉంది. యుద్ధ చిత్రాలకు విమానాలు, ఓడలు కావాలి. వాటిని అమెరికా రక్షణ శాఖ సమకూరుస్తుంది. కాని ముందుగా కథ చదివి, మార్పులు సూచిస్తుంది. ఒప్పుకుంటే ఓడ వస్తుంది, లేకుంటే లేదు. 1986లో పారమౌంట్ తీసిన 'టాప్ గన్'లో నాయిక మొదట నౌకాదళ ఉద్యోగిని. దళంలోని వారి మధ్య ప్రేమ వ్యవహారం నిబంధనలకు విరుద్ధమని అధికారులు అనగానే ఆమె పౌర ఉద్యోగినిగా మారిపోయింది. ఒక పాత్ర ఉద్యోగమే మారినప్పుడు యుద్ధం మంచిదా చెడ్డదా అన్న ప్రశ్న ఆ కథలో ఎంతవరకు నిలుస్తుందో ఊహించుకోవచ్చు.

హలబ్ నుండి వచ్చిన మరొకడు

అల్లాదీన్ కథ చెప్పిన హన్నా దియాబ్ నగరమైన హలబ్‌లోనే 1930లో ముస్తఫా అక్కాద్ జన్మించాడు. సినిమా చదువు కోసం అమెరికాకు బయలుదేరినప్పుడు తండ్రి ఒక జేబులో 200 డాలర్లు, మరో జేబులో ఖుర్ఆన్ ప్రతి పెట్టి పంపాడని ఆయన చెప్పుకునేవాడు. చదువు పూర్తయ్యాక ఇస్లాం ఆవిర్భావం గురించి చిత్రం తీయాలని సంకల్పించాడు. హాలీవుడ్‌లో ఆదరణ దొరకలేదు. డబ్బు కోసం అరబ్బు దేశాల చుట్టూ తిరిగాడు. మొరాకోలో షూటింగ్ మొదలై, మధ్యలో ఆగిపోయి, చివరకు లిబియా సహాయంతో పూర్తయింది. అరబ్బీలో ఒకసారి, ఆంగ్లంలో ఒకసారి, వేర్వేరు నటులతో ప్రతి సన్నివేశాన్నీ రెండుసార్లు తీశారు. ఆంగ్ల చిత్రంలో హజ్రత్ హమ్జా (రజి) పాత్రను ఆంథోనీ క్విన్ పోషించాడు. దైవప్రవక్త (స) రూపం గాని, స్వరం గాని చిత్రంలో ఎక్కడా లేవు. ఇటువంటి చిత్రం తీయవచ్చునా, సహాబాల పాత్రలను నటులు పోషించవచ్చునా అనే విషయంలో ఉలమాలకు భేదాభిప్రాయాలు ఉన్నాయి. ఆ ఫత్వాల చర్చ వేరే వ్యాసానికి చెందినది.

'ది మెసేజ్' పేరుతో ఆ చిత్రం 1977 మార్చిలో అమెరికాలో విడుదలైన రోజే, వాషింగ్టన్‌లో సాయుధులైన కొందరు మూడు భవనాలలో వంద మందికి పైగా ప్రజలను నిర్బంధించారు. వారి డిమాండ్లలో ఈ చిత్ర ప్రదర్శన ఆపడం ఒకటి. ప్రవక్త (స) పాత్రను నటుడు పోషించాడన్న పుకారు దానికి కారణం. ఒక యువ విలేకరి ప్రాణం కోల్పోయాడు. ఈజిప్టు, పాకిస్తాన్, ఇరాన్ రాయబారులు వెళ్లి వారితో కూర్చుని, ఖుర్ఆన్ ఆయతులు వినిపించి నిర్బంధాన్ని విడిపించారు. ప్రదర్శన ఆగి, తిరిగి మొదలైనా, ఆ చిత్రానికి అమెరికాలో పెద్ద గిరాకీ రాలేదు. వెనుక ఏ పెద్ద స్టూడియో లేదు. ఉన్న కాస్త అవకాశాన్ని చిత్రం చూడని ఆగ్రహం మింగివేసింది. స్టూడియోలను తప్పుపట్టేటప్పుడు ఈ భాగాన్ని దాటవేయడం న్యాయం కాదు.

అక్కాద్ ఆ తరువాత ఏం చేశాడో చూడండి. 1978లో మూడు లక్షల డాలర్ల పైచిలుకు పెట్టుబడితో, ముసుగు వేసుకున్న హంతకుని కథ 'హాలోవీన్' అనే చిన్న భయానక చిత్రానికి డబ్బు సమకూర్చాడు. అది కోట్లాది డాలర్లు ఆర్జించింది. 1981లో తన మనసుకు నచ్చిన చిత్రం మరొకటి తీశాడు. ఇటలీ ఆక్రమణను రెండు దశాబ్దాల పాటు ఎదిరించి, 1931లో ఉరికంబమెక్కిన లిబియా యోధుడు ఉమర్ ముఖ్తార్ చరిత్ర 'లయన్ ఆఫ్ ది డిజర్ట్' అది. ఉమర్ ముఖ్తార్ పిల్లలకు ఖుర్ఆన్ బోధించే ఉపాధ్యాయుడు కావడం వల్ల మా వంటివారికి ఆయనంటే కాస్త ఎక్కువ అభిమానం. సుమారు 3.5 కోట్ల డాలర్లతో, వేలమంది నటులతో తీసిన ఆ చిత్రం పెట్టుబడిలో చాలా చిన్న భాగాన్ని మాత్రమే తిరిగి తెచ్చింది. తమ సైన్యం గౌరవానికి భంగమని ఇటలీ దానిని నిషేధించింది. అక్కడి టెలివిజన్‌లో అది కనిపించడానికి 2009 వరకు ఆగవలసి వచ్చింది. చివరికి హాలీవుడ్‌లో అక్కాద్ పేరు నిలిపినది ఒకదాని వెంట ఒకటిగా సాగిన హాలోవీన్ చిత్రాల వరుసే. 2005 నవంబరులో అమ్మాన్ నగరంలోని హోటల్‌పై ఆత్మాహుతి దాడి జరిగినప్పుడు ఆయన, ఆయన కుమార్తె ప్రాణాలు కోల్పోయారు. ఆ దాడి చేసినవారు తమది ఇస్లాం సేవ అని చెప్పుకున్నారు.

ప్రతిభ ఉంది, ధైర్యం ఉంది, ఒక దేశం ఖజానా కూడా వెనుక ఉంది. లేనిది పంపిణీ. చిత్రాన్ని తీయడం ఒక ఎత్తు, వేల తెరల మీద ఒకే రోజు నిలబెట్టడం మరో ఎత్తు. 1975లో యూనివర్సల్ సంస్థ 'జాస్' చిత్రాన్ని ఒకేసారి 400కు పైగా థియేటర్లలో విడుదల చేసి, ముందుగా టెలివిజన్‌లో ప్రకటనలు కుమ్మరించి కొత్త దారి వేసింది. అప్పటి నుండి ప్రకటనలకు అంత డబ్బు పెట్టగలవారిదే రాజ్యమైంది. అంత డబ్బు పెట్టేవారు తెలియని కథను నమ్మరు; తెలిసిన బొమ్మనే మళ్లీ మళ్లీ తెస్తారు. డిస్నీ సంస్థ 2006లో 740 కోట్ల డాలర్లకు పిక్సార్‌ను, 2009లో 400 కోట్లకు మార్వెల్‌ను, 2012లో దాదాపు అంతే మొత్తానికి 'స్టార్ వార్స్' సృష్టికర్త సంస్థను కొన్నది ఆ తెలిసిన బొమ్మల కోసమే.

డ్రాయింగ్ రూములోని స్టూడియో

టెలివిజన్ వచ్చినప్పుడు స్టూడియోలు మొదట దానిని శత్రువుగా చూశాయి. వాల్ట్ డిస్నీ ముందుగా అర్థం చేసుకున్నాడు. 1954లో ఎ.బి.సి. ఛానల్‌కు వారం వారం కార్యక్రమం ఇచ్చి, బదులుగా తాను కట్టబోయే డిస్నీలాండ్ వినోద ఉద్యానానికి ఆ ఛానల్ చేత పెట్టుబడి పెట్టించాడు. కార్యక్రమం పేరు కూడా 'డిస్నీలాండే'. పిల్లలు చూసేది కథా, ప్రకటనా అన్న గీత ఆ రోజే చెరిగిపోయింది.

ఛానళ్లు తాము ప్రసారం చేసే ధారావాహికలకు తామే యజమానులు కాకుండా 1970లో అమెరికా ప్రభుత్వం కట్టడి చేసింది. వంట చేసేవారు వేరు, వడ్డించేవారు వేరుగా ఉండాలన్నది దాని ఉద్దేశం. ఇరవై ఏళ్లకు పైగా చిన్న నిర్మాతలు ఆ నీడలో బతికారు. 1993లో ఆ కట్టడిని తొలగించడానికి నిర్ణయం జరిగింది. మూడేళ్లు తిరగకముందే, 1996లో, డిస్నీ ఎ.బి.సి. ఛానల్‌నే సుమారు 1,900 కోట్ల డాలర్లకు కొనివేసింది. 1948కి ముందున్న స్థితి మరో రూపంలో తిరిగి వచ్చింది.

ఇదంతా సముద్రాల ఆవలి వ్యవహారమని అనుకోవద్దు. మన తెలుగువారి మా టీవీని 2015లో స్టార్ సంస్థ కొన్నది. స్టార్ అప్పటికి అమెరికాలోని ఫాక్స్ వర్గానికి చెందినది. 2019లో డిస్నీ ఆ ఫాక్స్ ఆస్తులలో అధిక భాగాన్ని సుమారు 7,130 కోట్ల డాలర్లకు కొన్నప్పుడు, ఆ మూటలో స్టార్ మా కూడా ఉంది. అంటే గుంటూరులోనో కరీంనగర్‌లోనో ఒక గృహిణి రాత్రి భోజనాల వేళ చూసే ధారావాహికకు యజమాని ఐదేళ్లకు పైగా కాలిఫోర్నియాలోని ఒక స్టూడియో. 2024 నవంబరులో ఆ వ్యాపారం రిలయన్స్ వారి సంస్థతో కలిసిపోయి జియోస్టార్ అయింది. అందులో కూడా డిస్నీకి మూడో వంతుకు పైగా వాటా ఉంది. 2017 నుండి అదే ఛానల్‌లో వస్తున్న 'బిగ్ బాస్' కూడా ఇక్కడ పుట్టినది కాదు. కొందరిని ఒక ఇంట్లో బంధించి, వారి కలహాలను లోకానికి చూపే ఈ పద్ధతి 1999లో నెదర్లాండ్స్‌లో ఒక నిర్మాణ సంస్థ తయారుచేసి దేశదేశాలకు అమ్మిన సరుకు. చాడీలు, పరుల రహస్యాలను వెతకడం మన ధర్మంలోనే కాదు, మన పల్లెల మర్యాదలో కూడా తప్పే. ఆ తప్పుకు అచ్చు వేసి, హక్కులు కట్టి, భాష మార్చి అమ్మవచ్చునని వారు కనుగొన్నారు. ఆ ఇంటి గొడవ మన ఇళ్లలో రాత్రి భోజనాల దగ్గర చర్చ కావడం మనం చూస్తూనే ఉన్నాం.

అల్లాదీన్ పాటలోని రెండో మాట 27 సంవత్సరాల తరువాత ఎందుకు తొలగిందో ఇప్పుడు కొంత తెలుస్తుంది. ముస్లింలు, అరబ్బులు కూడా టిక్కెట్లు కొనేవారి జాబితాలో చేరారు. ఆ జాబితా ఫలితమే 2022లో డిస్నీ సంస్థ తెచ్చిన 'మిస్ మార్వెల్' అనే ఆరు భాగాల ధారావాహిక. అందులో నాయిక కమలా ఖాన్, అమెరికాలో పెరిగిన పాకిస్తానీ ముస్లిం బాలిక. తల్లిదండ్రులు, అన్న, మసీదు, ఈద్, పెళ్లి వేడుక, 1947 విభజన నాటి రైలు, అన్నీ ఉన్నాయి. జాక్ షహీన్ జీవితమంతా వెతికిన, ఇంట్లో అన్నం తినే కుటుంబం అది. పాకిస్తాన్‌లో డిస్నీ వారి ఆన్‌లైన్ సేవ లేనందున అక్కడ దానిని సినిమా హాళ్లలో ప్రదర్శించారు. అందులో మాయలు, మంత్రశక్తులు ఉన్నాయి. మాకు అభ్యంతరకరమైన విషయాలూ లేకపోలేదు. అయినా ముస్లిం పిల్ల పేరు దుష్టుల జాబితాలో కాక నాయికల జాబితాలో చేరడం చిన్న విషయమని మేము అనలేము. విదేశాలలో ఉంటున్న మన తెలుగు ముస్లిం కుటుంబాలలోని పిల్లలకు బడిలో అది ఎంత ఊరటో వారి తల్లిదండ్రులను అడిగితే చెబుతారు.

2023 నవంబరులో ఆ బాలిక పాత్ర ముఖ్యంగా ఉన్న 'ది మార్వెల్స్' చిత్రం విడుదలైంది. మార్వెల్ స్టూడియో చిత్రాల వరుసలో అతి తక్కువ వసూళ్లు దానివే. కమలా ఖాన్ ధారావాహికకు రెండో విడత ఇంతవరకు రాలేదు.